బెజ్జం ఉన్న గంట

చిన్నకొట్టాల,
10 ఫిబ్రవరి 2025

నాయనా ఇమ్మానుయేలూ,

ఎడారిలో నిన్ను చల్లగా చూస్తున్న దేవునికి ముందు నా దండాలు, ఆ తరువాతే నీకు ఆశీర్వాదాలు. నువ్వు కువైట్ నుంచి వేసిన కార్గో పెట్టె మొన్న చేరింది. దుప్పట్లు బాగున్నాయి. ఖర్జూరాలు సగం నేనే తిన్నాను, ఆ సంగతి నా కూతురు జాయ్ నీకు ఎలాగూ చెప్పే ఉంటుంది. అల్లుడు ప్రవీణ్‌కి పంపిన బూట్లు ఒక సైజు చిన్నవి. ఆ మాట పైకి చెప్పడు, వాటినే తొడుక్కొని కుంటుకుంటూ ఆటో తోలుతున్నాడు.

ఇక పెట్టె అడుగున ఉన్న ఇనుప పలక. దాన్ని దించడానికి ప్రవీణ్, పాస్టరు అయ్యగారు, ఎదురింటి పాపన్న ముగ్గురూ కావలసి వచ్చారు. మన మందిరం ముందు గంటగా వేలాడిన రైలు పట్టా ముక్కను దొంగలు ఎత్తుకుపోయినప్పటి నుంచి అయ్యగారు ఆదివారం పూట ఇంటింటికీ వచ్చి తలుపు తట్టి పిలుస్తున్నారు. ఆ సంగతి నేనెప్పుడో రాస్తే నువ్వు గుర్తుపెట్టుకొని, నువ్వు పనిచేసే పాత ఇనుము యార్డులోంచి ఇంత మందం పలక ఏరి కానుకగా పంపావు. పైఅంచు దగ్గర నున్నగా, గుండ్రంగా బెజ్జం కూడా ఉంది. "గొలుసు కోసరం దేవుడే బెజ్జం పెట్టి పంపిచ్చినాడు సూడండి" అన్నారు అయ్యగారు. ఆయనకు అన్నింటిలోనూ దేవుడే కనిపిస్తాడు, బెజ్జంలో కూడా.

నాకు చెవులు పోయి ఎనిమిదేళ్లయింది కదా, గంట మోగితే నాకేమిటి అనుకున్నాను. వేలాడదీసిన వేపగుంజకు చెయ్యి ఆనించి నిలబడ్డాను. జాయ్ కొట్టింది. ఆ మోత నా మోచేతి దాకా వచ్చింది. ఏడ్చాను. చాలా సంతోషం రా తమ్ముడా.

అసలు మాట చివరికి దాచాను. జాయ్‌కి మూడో నెల. రెండుసార్లు నిలవకుండా పోయిన సంగతి నీకు తెలుసు, అందుకే ఎవరికీ చెప్పలేదు. నువ్వు కూడా ఎవరికీ చెప్పకు, ప్రార్థన మాత్రం చెయ్యి. నీకు ముప్పై నాలుగేళ్లు వచ్చాయి, నీ పెళ్లి సంగతి కూడా ప్రార్థనలో కలుపుకుంటే నాకు అభ్యంతరం లేదు.

నీ అక్క,
అక్కమ్మ


కువైట్,
9 మార్చి 2025

ప్రియమైన అక్కకు,

నీ చేతి రాత చూస్తే ఇక్కడి తిండి కూడా రుచిగా ఉంటుంది. మూడో నెల అన్న మాట చదివి గదిలో ఉన్నవాళ్లందరికీ టీ పోయించాను. ఎందుకో చెప్పలేదు, ఒట్టు. జాయ్‌ని జాగ్రత్తగా చూసుకుంటున్నందుకు నీకూ ప్రవీణ్‌కూ ఎంతో కృతజ్ఞుణ్ణి.

రంజాన్ నెల కాబట్టి పని సగం పూటే. ఎప్పటిలాగే ఇది కాగితం మీద రాసి, ఫోటో తీసి జాయ్ ఫోన్‌కి పంపుతున్నాను.

అక్కా, ఒక మాట అడుగుతాను, ఎందుకని అడగొద్దు. ఆ గంటను దించెయ్యండి. మందిరం దగ్గర ఉంచొద్దు. ఊరి బయట ఎక్కడైనా పెట్టించు. దాన్ని ఎవరూ ముట్టుకోకపోతే మంచిది. కారణం తరువాత రాస్తాను. కోపం తెచ్చుకోకు.

నీ తమ్ముడు,
ఇమ్మానుయేల్


కువైట్,
12 మార్చి 2025

అక్కా,

ఈ ఉత్తరం జాయ్ కంట పడకూడదు. అందుకే ఫోటో తియ్యకుండా కాగితమే పంపుతున్నాను. నాతో పనిచేసే చిలమత్తూరు వీరప్ప సెలవు మీద వస్తున్నాడు. నాలుగు రోజులు ఇంట్లో ఉండి, ఆ తరువాత స్వయంగా మన ఊరికి వచ్చి నీ చేతికే ఇస్తానన్నాడు. అతనికి అన్నం పెట్టు, నాకు అన్నలాంటివాడు.

మా యార్డుకు వచ్చే ఇనుములో కొంత పాత యుద్ధంలో దెబ్బతిన్న ట్యాంకులది. నాలుగేళ్లుగా నేను గ్యాసు కట్టరుతో కోస్తున్నది అదే. పోయిన వారం కొందరు అధికారులు టిక్కుటిక్కుమనే మిషను పట్టుకొని వచ్చారు. కొన్ని పలకల దగ్గర అది గట్టిగా అరిచింది. వాటి చుట్టూ పసుపు తాడు కట్టి, ఎవరూ ముట్టొద్దన్నారు. ఆ పలకలన్నిటికీ నున్నటి, గుండ్రటి బెజ్జాలున్నాయి అక్కా.

ఇక్కడ ఒక మలయాళీ ఇంజనీరు ఉన్నాడు, మంచివాడు. కూర్చోబెట్టి చెప్పాడు. యురేనియం అని ఒక లోహం. అణు కరెంటుకు పనికొచ్చే భాగాన్ని అందులోంచి తీసుకున్నాక, గానుగలో నూనె పోయి శనక్కాయ చెక్క మిగిలినట్టు, బోలెడు మిగులుతుంది. దాన్ని క్షీణించిన యురేనియం అంటారు. సీసం కన్నా చాలా బరువు. దానితో చేసిన కడ్డీని ఫిరంగిలో పెట్టి కొడితే ట్యాంకు గోడ కూడా ఆపలేదు. దూసుకుపోయేటప్పుడు అది మండి నల్లటి పొడి అవుతుంది. ఆ పొడి బెజ్జం అంచులకు పట్టుకొని ఏళ్లకేళ్లు ఉంటుంది.

పలక పక్కన నిలబడితే పెద్దగా ఏమీ కాదట. ఆ పొడి ముక్కులోకో నోట్లోకో పోతేనే కష్టం. ఊపిరితిత్తుల్లో నిలిచిపోతుంది, నెత్తురులో కలిసి కిడ్నీలకు చేరుతుంది. ఎక్కువైతే కిడ్నీలు దెబ్బతింటాయి. కేన్సరు వస్తుందా, కడుపులో బిడ్డకు ఏమైనా అవుతుందా అని అడిగాను. "గట్టిగా అవునని చెప్పే రుజువు లేదు, కాదని ధైర్యం చెప్పడానికీ లేదు" అన్నాడు. మూడో నెల అని నువ్వు రాసిన ఉత్తరం అప్పుడు నా జేబులోని ఫోన్‌లోనే ఉంది.

దేవునికి కానుక ఇస్తున్నాననుకొని ఏం పంపానో చూడు. గంట దించేటప్పుడు జాయ్‌ని దగ్గరికి రానివ్వకు. దానికి ఏదో ఒక సాకు చెప్పు, నీకు సాకులు బాగా వస్తాయి. ఒక్కటే నా ధైర్యం, గంటను కర్రతో కొడతారే కానీ ఎవరూ దాన్ని గీకరు కదా.

నీ తమ్ముడు,
ఇమ్మానుయేల్


చిన్నకొట్టాల,
17 మార్చి 2025

నాయనా ఇమ్మానుయేలూ,

దేవుడు నీకు ఆరోగ్యంతో పాటు కాస్త ఓపిక కూడా ఇవ్వాలని కోరుకుంటూ రాస్తున్నాను. గంట దించెయ్యమని నువ్వు రాసిన ఉత్తరం చదివి రెండు రోజులు అన్నం సయించలేదు. దేవునికి ఇచ్చింది వెనక్కి అడుగుతారా ఎవరైనా? అయ్యగారికి చూపిస్తే ఆయన ముఖం చిన్నబోయింది. "ఏమమ్మా, మన వల్ల ఏమన్నా తప్పు జరిగిందేమో కనుక్కోండి" అన్నారు.

అప్పుడు తట్టింది నాకు. తప్పు మాదే. మన మందిరంలో ఫ్యాను రెక్కల మీద, బెంచీల వీపు మీద, మైకు డబ్బా మీద ఇచ్చినవాళ్ల పేర్లున్నాయి. ట్యూబులైటు ఇచ్చిన జయరాముడి పేరు ఆ లైటు కన్నా పొడుగ్గా ఉంది. అంత దూరం నుంచి అంత బరువైన గంట పంపిన నీ పేరు మాత్రం ఎక్కడా లేదు. మనసు కష్టపడి ఉంటావు. చిన్నప్పటి నుంచీ నీకు అలిగితే నోరు రాదు, నాకు తెలియదా?

నేను చెప్పగానే జాయ్ పూనుకుంది. తుప్పు మీద రంగు నిలవదని గరుకు కాగితం తెచ్చి రెండు రోజులు కూర్చొని గీకింది. ప్రవీణ్ వద్దన్నాడు, వింటేనా? ముక్కుకు గుడ్డ కూడా కట్టుకోలేదు, తుమ్ముకుంటూనే పని ముగించింది. బెజ్జం లోపల నల్లగా ఉంటే గరుకు కాగితం వేలికి చుట్టి తిప్పి తిప్పి తెల్లగా చేసింది. వెండి రంగు వేసి, మీద నీలం అక్షరాలతో "ఇమ్మానుయేల్ (కువైట్) కానుక" అని రాసింది. నీ పేరు రోడ్డు మీదికి కనిపిస్తోంది. ఇక అలక మాను.

ఇంత పెద్ద మనసున్న తమ్ముణ్ణి ఇచ్చినందుకు దేవునికి స్తోత్రం, కాస్త చిన్న మనసు కూడా కలిపి ఇచ్చినా.

నీ అక్క,
అక్కమ్మ


కువైట్,
18 మార్చి 2025

అమ్మా జాయ్,

ఈ ఫోటో నీ ఫోన్‌కే వస్తుంది కాబట్టి నీకే రాస్తున్నాను. కూర్చొని చదువు. ఆ గంట మీద ఉన్న పొడిలో విషం ఉండే అవకాశం ఉంది. నీకు భయం కలుగుతుందని దాచాను. దాచడమే తప్పయింది. దాని దగ్గరికి మళ్లీ పోవద్దు. గీకినప్పుడు కట్టుకున్న బట్టలు విడిగా పెట్టు. ఈ రోజే పెద్దాసుపత్రికి పోయి డాక్టరుకు అంతా చెప్పు, ఒక్క ముక్క దాచకుండా చెప్పు. వీరప్ప మీ అమ్మకు ఒక కాగితం తెస్తాడు, అందులో అంతా రాశాను, దాన్నీ డాక్టరుకు చూపించు.

నన్ను క్షమించమని ఇప్పుడు అడగను. నువ్వు బాగున్నావని తెలిశాక అడుగుతాను.

మీ మామ


చిన్నకొట్టాల,
26 మార్చి 2025

తమ్ముడా,

మేమందరం కులాసా, ముందు ఆ మాట చదివి ఊపిరి పీల్చుకో. తరువాత తిట్లు చదువు. నీ మూసుకున్న నోరు సగం చేసింది, నా తెరుచుకున్న నోరు మిగతా సగం చేసింది. ఒక్క మాట "విషం" అని రాసి ఉంటే నేను గరుకు కాగితం తెప్పించేదాన్నా? అలిగావనుకున్నాను రా. నా పాపిష్టి తెలివి.

జాయ్ నీ ఉత్తరం మొత్తం చదివింది. తరువాత వచ్చి నా పక్కన కూర్చొని, నాకు అర్థమయ్యేలా నోరు తిప్పి నెమ్మదిగా చెప్పింది. నేను నిన్ను తిట్టబోతే అడ్డం వచ్చింది. "మామ తెలిసి పంపినాడా మా? తెలిసినాక ఒక పూటన్నా నిద్ర పోయింటాడా? ముందు ఆసుపత్రికి పోదాం పా" అంది.

పెద్దాసుపత్రిలో హేమ అని డాక్టరమ్మ. ఆమెకు నా తరఫున వెయ్యి దండాలు. నవ్వలేదు, కసరలేదు. వీరప్ప తెచ్చిన నీ కాగితం రెండుసార్లు చదివి, "ఈయప్ప శానా బాగా రాసినాడే" అంది. జాయ్ మూత్రం, నా మూత్రం సీసాల్లో పట్టి హైదరాబాదులో ఒక ల్యాబుకు పంపింది. ఆరేడు వారాలు పడుతుందట. నీ మూత్రం కూడా అక్కడికే పంపమంది.

గంట దించే రోజు అయ్యగారికి చేతులు ఆడలేదు. పాపన్న వచ్చాడు. జన్మలో మందిరం గడప తొక్కని మనిషి. డాక్టరమ్మ చెప్పినట్టే మూతికి గుడ్డ, చేతులకు తొడుగులు వేసుకొని, తడిగుడ్డలతో తుడిచి, ప్రవీణ్‌తో కలిసి పలకను ప్లాస్టిక్ పట్టాలో చుట్టి మూత ఉన్న డ్రమ్ములో దించాడు. కింద మన్ను కూడా తడిపి, గీరి అందులోనే పోశాడు. డాక్టరమ్మ కబురు పెడితే మరుసటి రోజు మిషను పట్టుకున్న మనుషులు వచ్చి, బెజ్జం అంచున ఇంకా కొంచెం ఉందని చెప్పి డ్రమ్మును తీసుకుపోయారు. ఎందుకు ఇంత కష్టపడ్డావు పాపన్నా అంటే, "నా బోరు నీళ్లు తాగి పెరిగిన పిల్ల గదమ్మా" అన్నాడు.

వీరప్పకు అన్నం పెట్టాను. మూడుసార్లు వడ్డించుకున్నాడు. నీ సంగతి అడిగితే మాత్రం మజ్జిగ గ్లాసులోకి చూశాడు. నాలుగేళ్లు కోసినవాడివి నువ్వు. నీకు ఎలా ఉందో రాయి.

అక్కమ్మ


కువైట్,
2 ఏప్రిల్ 2025

అక్కా,

తిట్లు అందాయి, తీయగా ఉన్నాయి. పాపన్నకు నా నమస్కారాలు చెప్పు. డాక్టరమ్మకు విడిగా ఒక ఉత్తరం రాశాను. జాయ్ మాట నలుగురికీ చదివి వినిపించాను.

నేను బాగానే ఉన్నాను. నా మూత్రం సీసా కూడా పంపాను. ఇప్పుడు కట్టరు పని మాన్పించి నన్ను తూకం దగ్గర కూర్చోబెట్టారు. కుర్చీ, ఫ్యాను, గొడుగు కూడా ఇచ్చారు. మీ తమ్ముడు ఆఫీసరు అయ్యాడని ఊళ్లో చెప్పుకో.

జాయ్ రిపోర్టు రాగానే రాయి. మంచిదైనా, చెడ్డదైనా.

ఇమ్మానుయేల్


చిన్నకొట్టాల,
12 మే 2025

తమ్ముడా,

మంచిదైనా చెడ్డదైనా రాయమన్నావు. రిపోర్టు వచ్చింది. జాయ్ మూత్రంలో యురేనియం ఉంది. ఉండవలసిన దానికన్నా ఎక్కువే ఉంది. నాలోనూ ఉంది.

ఇది ఏ రకం యురేనియమో తేల్చే పరీక్ష ఇంకొకటి ఉందట, దానికి మళ్లీ మూడు వారాలు. జాయ్ కిడ్నీలు బాగానే పనిచేస్తున్నాయని, స్కానింగులో బిడ్డ బాగా కదులుతోందని డాక్టరమ్మ చెప్పింది. నీకు చెప్పమని రెండుసార్లు చెప్పింది, అందుకే రాస్తున్నాను. ఆరో నెల. జాయ్ నిబ్బరంగా ఉంది. నేను లేను.

అక్కమ్మ


కువైట్,
13 మే 2025

అక్కా,

ఆ పలకను నేనే ఏరాను. వందల పలకల్లో బెజ్జం ఉన్నది వెతికి మరీ ఏరాను, గొలుసుకు సులువుగా ఉంటుందని. కార్గోవాడు బరువెక్కువ వద్దన్నా బతిమాలి వేయించాను. పిల్ల రెండుసార్లు పోగొట్టుకుంది. మూడోసారి నా చేతులతో నేనే విషం పంపాను. ఈ బిడ్డకు ఏమైనా అయితే నేను ఆ ఊరి పొలిమేర తొక్కను.

నాకోసం ప్రార్థన చెయ్యొద్దు. ఉన్న ప్రార్థనలన్నీ జాయ్‌కే వాడు.

ఇమ్మానుయేల్


చిన్నకొట్టాల,
6 జూన్ 2025

నాయనా, నా బంగారు తమ్ముడా,

కూర్చొని చదువు, అయితే ఈసారి నవ్వుతూ చదువు. జాయ్‌లో ఉన్నది నీ గంటలోది కాదు!

నీ ఉత్తరంలో శనక్కాయ చెక్క మాట ఉంది కదా, డాక్టరమ్మకు అది భలే నచ్చి, దానితోనే మాకు వివరించింది. యురేనియంలో రెండు రకాలు ఒక లెక్క ప్రకారం కలిసి ఉంటాయట. నూనె తీసిన చెక్కలో ఆ లెక్క తప్పుతుంది. జాయ్‌లో, నాలో లెక్క తప్పలేదు. "ఇది చెక్క కాదమ్మా, నూనె తియ్యని కాయ. మీ రాళ్లలో పుట్టిందే" అంది. అంటే ఎక్కడి నుంచో రాలేదు, మన కాళ్ల కిందిదే.

ఆమెకు ముందే అనుమానం వచ్చింది. గంటను గీకిన జాయ్‌కీ, ఉత్త చేయి ఆనించిన నాకూ ఒకటే కొలత ఎలా వస్తుందని. అందుకే పాపన్న మూత్రం కూడా పట్టి పంపింది. గంట దించినప్పుడు తప్ప దాన్ని తాకని మనిషి, అది కూడా తొడుగులు వేసుకొని. అతనిలో మా ఇద్దరి కన్నా ఎక్కువ ఉంది! అప్పుడు నీళ్లు పరీక్ష చేయించారు. లీటరుకు ముప్పై మైక్రోగ్రాములు దాటకూడదట, పాపన్న బోరులో నూట నలభై ఉంది. ఆరేళ్ల కింద నీళ్లు అడుగంటితే తొమ్మిది వందల అడుగులకు దించాడు కదా, అంత లోతు రాతిలోంచి వచ్చే నీళ్లలో ఇది కరిగి వస్తోంది. ఆ నీళ్లు పడ్డ రోజు మనం స్తోత్రం చేశాం, గుర్తుందా? వీధి మొత్తం అవే తాగాం.

పాపన్న మొదట కయ్యానికి వచ్చాడు. "నా నీళ్లు తాగి ఎవురు సచ్చినారు? ఎవురన్నా ఉంటే సూపియ్యండి!" అని. డాక్టరమ్మ అతని రిపోర్టే అతని చేతిలో పెట్టింది. అతను ఆ కాగితం జేబులో పెట్టుకొని ఇంటికి పోయాడు. మరుసటి రోజు పొద్దున చూస్తే బోరు దగ్గర పెద్ద రేకు, దాని మీద బొగ్గుతో "తాగేదానికి కాదు". దాని కిందే మంచం వేసుకొని కాపలా కూర్చున్నాడు. బిందె పట్టుకొని వచ్చినవాళ్లందరికీ తనే చెప్తున్నాడు. ఇన్నేళ్లు ఉచితంగా నీళ్లిచ్చిన మనిషి. నేను పోయి అతని చేతులు పట్టుకున్నాను.

ఇప్పుడు ప్రవీణ్ ఉరవకొండ నుంచి ఆటోలో కాలువ నీళ్ల క్యాన్లు తెస్తున్నాడు. వీధికి ట్యాంకరు పంపుతామని అధికారులు ఒప్పుకున్నారు, పైపుకు గుంతలు తవ్వుతున్నారు. నీళ్లు మారిస్తే ఒంట్లో ఉన్నది చాలా వరకు మూత్రంలోనే పోతుందట. ముందు రెండుసార్లు బిడ్డ నిలవకపోవడం దీనివల్లేనా అని జాయ్ అడిగింది. "అవునని చెప్పలేను, కాదనీ చెప్పలేను. ఇప్పటి నుంచి మంచి నీళ్లు తాగు" అంది డాక్టరమ్మ. అబద్ధం చెప్పి ఊరడించనందుకు ఆమె మీద నాకు ఇంకా గౌరవం పెరిగింది.

నీ పలక రాకపోతే మా మూత్రం ఎవరు పరీక్ష చేసేవాళ్లు రా? నువ్వు భయపడి రాయకపోతే, నేను పొరపాటు పడి గీకించకపోతే, ఈ వీధి పిల్లలందరూ ఇంకో ముప్పై ఏళ్లు అవే నీళ్లు తాగేవాళ్లు. అయ్యగారు ఆదివారం ఇదే చెప్పారు. ఈసారి మాత్రం ఆయనతో నేను వాదించలేదు. పొలిమేర తొక్కనన్నావే, వచ్చి తొక్కు.

నీ రిపోర్టు ఏమైంది? రాయలేదు.

నీ అక్క


కువైట్,
30 ఆగస్టు 2025

ప్రియమైన అక్కకు,

ఆడపిల్ల, రెండు కేజీల తొమ్మిది వందలు, ఏడుపు ఎదురింటి పాపన్న దాకా వినిపించిందట! ఫోటో చూసి ఇరవైసార్లు లెక్కపెట్టాను, చేతివేళ్లు పది, కాలివేళ్లు పది. యార్డులో తూకం దగ్గరికి వచ్చిన ప్రతి లారీ డ్రైవరుకూ మిఠాయి పెట్టాను. నువ్వు రాసినట్టు వచ్చే ఆదివారం ఇంట్లో కృతజ్ఞత కూడిక పెడుతున్నారు కదా. నేను రాలేను కాబట్టి నా సాక్ష్యం ఇందులో రాస్తున్నాను. నువ్వు లేచి నిలబడి చదువు.

ముందు నా రిపోర్టు సంగతి. ఇన్నాళ్లు చెప్పలేదు, జాయ్ కాన్పు అయ్యాక చెప్దామనుకున్నాను. అది జూన్‌లోనే వచ్చింది. అక్కా, నాలో ఉన్నది చెక్కే. లెక్క తప్పిన రకమే. కొంచెమే ఉందట. కిడ్నీలు బాగా పనిచేస్తున్నాయి. ఊపిరితిత్తుల్లో కాస్త ఉండిపోయి ఉండొచ్చు, అది మెల్లగా కరిగి బయటికి వస్తూ ఉంటుంది. ఏడాదికొకసారి పరీక్ష చేయించుకుంటూ ఉండాలని డాక్టరమ్మ రాసింది. ఇలాగే ఒంట్లో పెట్టుకొని చాలా ఏళ్లు మామూలుగా బతికిన సైనికులు ఉన్నారని కూడా రాసింది. నేను భయపడటం లేదు.

ఇది సాక్ష్యం, చదువు:

"నేను పనిచేసిన నాలుగేళ్లలో పీల్చింది నా ఒంట్లోనే ఉంది. నేను పంపిన దానిలోనూ అదే ఉన్నా, నా మేనకోడలి ఒంట్లోకి పోలేదు. దాని బిడ్డలోకి పోలేదు. నా దగ్గరే ఆగింది. నా అక్క బిడ్డ దాకా రాకుండా నా దగ్గరే ఆపినందుకు దేవునికి స్తోత్రం. డాక్టరమ్మకు, పాపన్నకు, వీరప్పకు, నన్ను ఒక్క మాట అనని జాయ్‌కి నా దండాలు."

అంతే అక్కా. గొంతు వణక్కుండా చదువు.

నీ తమ్ముడు,
ఇమ్మానుయేల్


చిన్నకొట్టాల,
8 సెప్టెంబరు 2025

ఒరే ఇమ్మానుయేలూ,

నిన్న కూడిక బాగా జరిగింది. డాక్టరమ్మ వచ్చింది. పాపన్న వాకిట్లోనే కుర్చీ వేసుకొని కూర్చున్నాడు, లోపలికి రమ్మంటే "నాకు ఈడ గాలి బాగుండాది" అన్నాడు, కానీ పాటలకు తల ఊపుతున్నాడని జాయ్ చెప్పింది. అందరికీ కాలువ నీళ్లతోనే వండాం. చంటిది అయ్యగారి చొక్కా తడిపింది.

నీ సాక్ష్యం చదవడానికి లేచాను. అందరికీ దండాలు చెప్పిన చివరి మాటలు ముందు చదివాను. డాక్టరమ్మ కళ్లు తుడుచుకుంది. తరువాత మొదటి నుంచి మొదలుపెట్టి "నా అక్క బిడ్డ దాకా రాకుండా" అనే చోటికి వచ్చి ఆగిపోయాను. గొంతు వణికి కాదు. ఆ మాట నిజం కాదు కాబట్టి. సాక్ష్యంలో అబద్ధం చదవకూడదు.

అమ్మ పోయినప్పుడు నీకు పదకొండు నెలలు. నాకు పద్నాలుగేళ్లు. రాగి గంజి వేలితో నాకించి, శనక్కాయ చేలో నడుముకు కట్టుకొని కలుపు తీసి పెంచాను. మొదటిసారి అమ్మా అని నన్నే పిలిచావు, అక్కా అనమని నేర్పడానికి నాయనకు ఏడాది పట్టింది. జాయ్ నాకు రెండో బిడ్డ రా.

అందరూ నా ముఖమే చూస్తున్నారు. కాగితం మడిచాను. "మా పెద్దోడికి ఒంట్లో బాగలేదు. వాడు నాకు చెప్పకుండా దాచినాడు. నా బిడ్డ దాకా రాలేదని స్తోత్రం చేయమంటాండాడు. వచ్చింది. వాని కోసరం ప్రార్థన చేయండి" అన్నాను. అందరూ మోకాళ్ల మీద కూర్చున్నారు. వాకిట్లో పాపన్న కూడా కుర్చీ దిగాడట.

తూకం దగ్గర కుర్చీ ఇచ్చినవాళ్లకు నా కృతజ్ఞతలు చెప్పి, ఆ కుర్చీ వాళ్లకే ఇచ్చి రా. పరీక్షలు ఇక్కడే చేయించుకుందువు, ఏడాదికొకసారి నేనే తీసుకుపోతాను. చంటిదానికి ఇంకా పేరు పెట్టలేదు, నువ్వు వచ్చి పెట్టాలని జాయ్ పట్టుబట్టింది. టికెట్టు తీసుకొని తారీఖు రాయి.

అక్కమ్మ